రెండో కుండ చింతపండు

ఆదివారం, పుంగనూరు.

రేపు మా ఆయన గుండె ఆపరేషనుకు తిరుపతి ఆస్పత్రిలో చేరాలి. పొద్దున్నించి చేతులు ఊరుకోక, ఏడాదికి సరిపడా చింతపండుకు ఉప్పు కలిపి కుండలో అదిమాను. మిగిలింది రెండో కుండకు ఎత్తుతుంటే ఆయన నవ్వాడు.

"యాల మే అంత? ఆ చింతపండుకు ఉండే ఆయుసు కూడా నాకు ల్యాదే."

"ఊరుకో సామీ" అన్నాను. కానీ నాకూ నవ్వొచ్చింది. వెంటనే భయమేసింది. ఆపరేషను ముందర ఇట్లా నవ్వితే ఏమన్నా అవుతుందేమో...

"పాతదైతేనే పులుసుకు రుచొస్తాది. దాన్ని వచ్చే ఏడు తీద్దాంలే" అని ఆయనే ఆ కుండ మూతికి గుడ్డ కట్టాడు.

ఆయన వేసే ముడి విప్పడం ఇన్నేళ్లయినా నాకు చేతకాలేదు. దీన్నీ ఆయనే వచ్చి విప్పాలి.