గరాజ్‌లో శాలువా

జనవరి, శనివారం రాత్రి

లైబ్రరీలో పాత మూకీ కామెడీ వేస్తున్నారని స్వాతి నన్ను లాక్కెళ్లింది. అందులో ఈజిప్టు పిచ్చి పట్టిన ప్రొఫెసర్ ఒకడు మమ్మీని ఇంటికి తెచ్చుకుని, దానికి చలేస్తుందని దుప్పటి కప్పుతాడు. హాలంతా పగలబడి నవ్వింది. స్వాతి కూడా నవ్వబోయి, నా వైపు చూసి ఆగిపోయింది.

అంటే గరాజ్‌లో తను చూసిందన్నమాట.

నా భార్య సుజాత అస్థికలు అక్కడే ఉన్నాయి. గోదావరిలో కలిపేదాకా ఇంట్లోకి తేకూడదన్నారు పంతులుగారు. మొన్న మంచు కురిసిన రోజు ఆ కలశానికి నా శాలువా చుట్టాను. జీవితమంతా డాక్టర్‌గా చేసినవాణ్ణి, బూడిదకి చలి ఉండదని నాకు తెలియదా?

ఇంటికొచ్చి కారు ఆపాక స్వాతి అడిగింది. "నాన్నా, అమ్మని లోపలికి తీసుకెళ్దామా? ఇక్కడ ఫ్రీజింగ్‌గా ఉంది."

"తప్పమ్మా. ఇండియాకి టికెట్స్ బుక్ చేస్తాను, వెళ్లి కలిపేద్దాం."

"లాస్ట్ వింటర్ కూడా అదే అన్నావు."

తను మెడలోని స్కార్ఫ్ తీసి, నా శాలువా మీద ఇంకో చుట్టు చుట్టింది.

టికెట్ల పేజీ తెరిచి కూర్చున్నాను. తేదీ దగ్గర చెయ్యి ఆగిపోతోంది. కలిపేసి వచ్చాక, మళ్లీ మంచు కురిస్తే ఎవరికి కప్పను...