చెరిగిన సంతకం

గద్వాల, 11 ఆగస్టు 2006, శ్రావణ శుక్రవారం

నాయన వేసిన అమ్మవారి పటం కొనడానికి హైదరాబాదు నుంచి వచ్చిన వ్యాపారి, దాని మీద నాయన పేరు కోసం మూలమూలా వెతికాడు. "సంతకం లేకుంటే రేపు నా దగ్గర ఎవరు కొంటరమ్మా?" అని వెళ్లిపోయాడు.

సంతకం అమ్మవారి పాదాల దగ్గర ఉండేది. ముప్పై ఏళ్లుగా ప్రతి శుక్రవారం తడిగుడ్డతో తుడిచి, పసుపు పెట్టి, నేనే చెరిపేశాను.

తమ్ముడు నా చేతికి కుంచె ఇచ్చాడు. "నీ రాత అచ్చం నాయన రాతనే గదా అక్కా. జర రాయి. లేకుంటే నీ మరదలి ఆపరేషన్ ఆగిపోతది."

"దొంగ సంతకం అయితదిరా."

"పటం దొంగది కాదు గదక్కా!"

కుంచె పక్కన పెట్టేశాను. వాడు అన్నం తినకుండా పోయాడు.

నాయన ఉన్నప్పుడే ఆ పేరు మసకబారింది. చూసి కూడా ఆయన నన్ను వద్దనలేదు. ఆయనకు ఆ పేరు అక్కర్లేదు. మరదలికి కావాలి.