మైనస్ పన్నెండు అడుగుల గది

చిరంజీవి పిచ్చుకకు అమ్మ దీవెనలు. ఇక్కడ నేనూ నాన్నా కులాసా. నా మోకాళ్ళ నొప్పి తగ్గిందా అని అడిగావు. రోజంతా నేల మీద కూర్చుని టైల్స్ పరిచేదాని మోకాళ్ళు ఎలా ఉంటాయి, అలాగే ఉన్నాయి. ఒళ్ళు మాత్రం నీ ఉత్తరం అందినప్పటినుంచీ మండిపోతోంది.

నా సంతకం కోసం నువ్వు పంపిన లెక్కల పేపరు చూశాను. ఎక్స్ స్క్వేర్ 144 అయితే ఎక్స్ ఎంత అంటే నువ్వు 12 అన్నావు. సగం జవాబేనని మీ మాస్టారు సగం మార్కులు కోసేశారు. కోస్తే కోశారు, "టైల్స్ పరిచే ఇంటి లెక్క ఇంతే" అని క్లాసందరి ముందూ అనడానికి ఆయనకు నోరెలా వచ్చింది? ఆయన నిలబడి పాఠం చెప్పే నేల ఎవరు పరిచారట? నువ్వేమో ఇక లెక్కల జోలికే వెళ్ళనని రాశావు.

పేపరు పట్టుకుని మా సైటు ఇంజనీరమ్మ దగ్గరికి వెళ్ళాను. "నూట నలభై నాలుగు టైల్స్ చదరంగా పరిస్తే అంచుకు పన్నెండు. ఇందులో సగం ఏమిటమ్మా?" అని గొంతు పెంచాను. ఆవిడ ఒక టైలు బోర్లా తిప్పి పెన్సిల్‌తో లెక్క వేసింది. "మైనస్ పన్నెండుని మైనస్ పన్నెండుతో గుణించినా నూట నలభై నాలుగే అక్కా. గది కొలతైతే మైనస్ పనికిరాదు. వీళ్ళు గది అడగలేదుగా, ఉత్త అంకె అడిగారు."

పేపరు మళ్ళీ చూసుకున్నాను. 12 పక్కన −12 కూడా రాసి, కొట్టేశావు.

పిచ్చుకా, ఈ ముక్క మొదట్లోనే రాయాల్సింది, చెయ్యి రాలేదు. మొన్న సెలవుల్లో ఇంటికొచ్చినప్పుడు ఇలాంటి లెక్కకే నువ్వు రెండూ రాస్తే, "మైనస్ పన్నెండు అడుగుల గది ఎక్కడైనా చూశావుటే?" అని పెన్సిల్ లాక్కుని కొట్టేసింది నేనే. నువ్వు "కాదమ్మా" అంటూనే ఉన్నావు. వింటేగా! పరీక్షలో నా మాటే నమ్మావు. నా మీద నాకే అసహ్యం వేస్తోంది.

అలాగని ఆయన్ని వదిలేది లేదు. సోమవారం పేపరు నేనే తెస్తున్నాను. మార్కులు అడగను. అన్న మాట అదే క్లాసులో వెనక్కి తీసుకోమంటాను. ఈలోగా లెక్కలు మానేశావో, నా చేతిలో అయిపోయావన్నమాటే.

సంతకం చేశాను. కింద గీత మీద కాదు, కొట్టేసిన −12 పక్కన. "ఈ కొట్టివేత నాది, పిల్లది కాదు" అని రాసి మరీ చేశాను.

ఇట్లు,
పెన్సిల్ లాక్కున్న అమ్మ