రేపటి పంచగవ్యం

గురువారం, రాత్రి

కంపెనీల వెనక వాగులో రసాయనాల నురగ తాగే ఆవు పంచగవ్యాన్ని, శుద్ధి పేరుతో కడుపుతో ఉన్న పిల్లకు తాగిస్తావా? నువ్వే చెప్పు.

రేపు అక్క కోడలు శ్రావణి శ్రీమంతం. ముందు పుణ్యాహవాచనం, చేయించేది నేనే. పంచగవ్యానికి ఇంటి ఆవే కావాలని అక్క పట్టు. ఆ ఆవుకు పోయిన నెల దూడ చచ్చి పుట్టింది. అలాంటి ఆవు పాలు ముట్టరాదని ధర్మశాస్త్రం పేజీ తీసి చూపించాను.

"నీ పుస్తకంల అన్నీ వద్దులే ఉంటయి తమ్మీ. గోమాత అన్నిటినీ శుద్ధి జేస్తదని మైకుల మొత్తుకున్నది నువ్వు గాదా?" అంది అక్క.

గోమాతను నమ్ముతాను. ఆ నురగను ఎలా నమ్మను?

బయటికొస్తుంటే గుమ్మంలో శ్రావణి ఆపింది. "నెల సంది అత్తమ్మ రోజూ గా పాలే తాపుతున్నది మామా. నిన్నటి సంది లోపల కదులుడు తక్కువైంది. శుభకార్యం ముంగట అపశకునమంటరని ఎవ్వలకు చెప్పలే. నువ్వు గూడ చెప్పకు. కార్యమైనంక దవాఖానకు పోత."

సరేనని వచ్చేశాను. వచ్చి శాంతి మంత్రాలు వెతుకుతున్నాను...

ఏ కార్యం కోసం ఆగుతున్నావు, పంతులూ? పుస్తకం మూసెయ్. బండి తియ్. అక్క తిట్టినా సరే, శ్రావణిని ఇప్పుడే దవాఖానకు తీసుకుపో.