కాలవ ఎరుపు

యశస్వినీ,

తొలి కాన్పుకి పుట్టింటికే వస్తానని పట్టుబట్టావట. రావద్దు. ఎందుకో మీ నాన్న చెప్పడు కాబట్టి నేను రాస్తున్నాను.

ఫ్యాక్టరీ నీళ్లు మన కాలవలో కలిశాక ఊరంతా బందరు షెడ్లలో తలదాచుకున్నాం కదా. తిరిగి వెళ్లవచ్చని అధికారులు ఇంకా చెప్పలేదు. మనవాళ్లే ఆగలేక వచ్చేశారు. మన బట్టల అద్దకానికి పారే నీళ్లు కావాలి. కొళాయి కింద జాడిస్తే పని సాగదు.

రాగానే ఒక తాను రంగులో ఉడకబెట్టి కాలవలో జాడించారు. అంత చక్కటి ఎరుపు నా జన్మలో చూడలేదు. రంగు తేలితే నీళ్లు మంచివని మనవాళ్ల నమ్మకం. పక్కింటి చంద్రమౌళి దోసిలితో తాగి, "చూశారా పిన్నిగారూ, బళ్లో మీరు చెప్పిన సైన్సు కన్నా మన కాలవే నయం!" అని నవ్వాడు. ఇప్పుడు అందరూ తాగుతున్నారు, మీ నాన్నతో సహా.

బాతులు మాత్రం గట్టు దిగడం లేదు. ఈ నెలలో రెండు చూడిగేదెలు చచ్చిన దూడల్ని ఈనాయి. బట్టలు కొనే బేరగాళ్లు బెదురుతారని ఆ మాట ఎవరూ పైకి అనడం లేదు.

నువ్వు గుడివాడలోనే కను. మీ అమ్మని నేనే బస్సెక్కిస్తాను. నేను రాను. ఆ నీళ్లు తాగొద్దని రోజూ అనే నోరు ఒక్కటైనా ఊళ్లో ఉండాలి.

పొత్తిగుడ్డలకని మీ నాన్న ఆ తానులోంచే మెత్తటి ముక్క చింపి మీ అమ్మ సంచిలో పెట్టాడు. తీసేశాను. మళ్లీ పెడతాడు. ఎంత ముచ్చటగా ఉన్నా బిడ్డకు చుట్టకు.

నాయనమ్మ