దాసు ప్లేటు, ఇంటి హార్మోనియం, తక్కిన నా వస్తువుల ఏర్పాటు

నిజామాబాద్ పట్టణంలో చర్చి వెనుక గల్లీలో నివాసముంటున్న జ్ఞానమ్మ అను నేను, బోధన్ షక్కర్‌నగర్‌లో చక్కెర ఫ్యాక్టరీ బాయిలర్ దగ్గర పనిచేసి కాలం చేసిన ఏసయ్య కూతురిని, వయస్సు యాభై మూడు, పెండ్లి కానిదానిని, ఆడపిల్లల మిషన్ హాస్టల్లో మేట్రన్‌ను, దేవుని ముందు మోకరించి లేచి రాయిస్తున్న వీలునామా ఇది. నా గుండె బలహీనంగా ఉందని డాక్టరు చెప్పాడు. బుద్ధి మాత్రం స్థిరంగా ఉంది. నన్ను ఎవరూ బెదిరించలేదు, ఎవరూ బతిమాలలేదు. ఇంతకుముందు వీలునామా ఏదీ రాయలేదు. రాయవలసినంత ఆస్తి ఇప్పుడూ లేదు. కానీ నాకు ఇద్దరు తమ్ముళ్లున్నారు, వాళ్ల మధ్య ఒక గ్రామఫోను ప్లేటు ఉంది. అందుకని రాయిస్తున్నాను.

పెద్ద తమ్ముడు లాజరు మా చర్చిలో పాటలు నడిపిస్తాడు. చిన్నవాడు దాసు బొంబాయిలో వాద్యాలు వాయిస్తాడు. దాసును కని మా అమ్మ కన్ను మూసింది. వాడిని నేనే పెంచాను.

1. ఈ వీలునామాను అమలు జరపవలసినవాడు, దీన్ని రాస్తున్న దస్తావేజు లేఖరి లక్ష్మీరాజం. నేను చెప్పిన మాటలను బాగు చేయకుండా రాయమన్నాను. రాస్తున్నాడనే నమ్ముతున్నాను.

2. వర్ని శివారులో నిజాంసాగర్ కాలువ కింద అమ్మ తరఫున వచ్చిన అరెకరం వరిపొలం లాజరుకు చెందుతుంది. నిజామాబాద్ ఇంట్లో ముందు గది లాజరుకు, వెనుక గది దాసుకు. రెండు గదులకూ వీధిలోకి వాకిలి ఒక్కటే. ఇంకొకటి కొట్టించకూడదు.

3. అమ్మ ఇత్తడి బిందెను లాజరు భార్య లక్ష్మవ్వ రెండు రోజుల్లో తెచ్చిస్తానని పట్టుకుపోయింది. అప్పటికి ఆమె కొత్త కోడలు. ఇప్పుడు ఆమె కూతురికి పెండ్లీడు వచ్చింది. నేను వాళ్లింటికి వెళ్లినప్పుడల్లా ఆ బిందె మీద చీర కప్పుతుంది. ఆ బిందెను లక్ష్మవ్వకే ఇస్తున్నాను. ఇక చీర తీసేయవచ్చు.

4. పొలం పొరుగున పసుపు పండించే గంగుబాయికి నా గంగాళం రాయించాలనుకున్నాను. సాక్షి సంతకం పెట్టేవారికి ఏమీ రాయకూడదని లక్ష్మీరాజం చెప్పాడు. అందుకని మొన్ననే చేతికిచ్చేశాను. "బతికుండంగనే ఇత్తివి, ఇగ నేనెందుకేడ్వాలె" అని నవ్వింది. ఏడుస్తుంది, నాకు తెలుసు.

5. బోధన్‌లో పెండ్లి బ్యాండు నడిపిన నర్సన్నకు నా ఉన్ని శాలువా. దాసు పదేళ్ల వయసులో ఆ బ్యాండు వెంట ఊరి చివరిదాకా పోయేవాడు. నర్సన్న ఒకరోజు మా ఫ్యాక్టరీ క్వార్టరు ముందు నిలబడి, "అక్కా, గీ పోరని చేతికి ఏదిచ్చినా పలుకుతది. నా ఎంబడి పంపు, మంచిగ సూసుకుంట" అన్నాడు. తాగే చోట్లకు, జాతరలకు మన పిల్లవాడిని ఎలా పంపుతావని సంఘంలో అడిగారు. లాజరు అందరికంటే గట్టిగా అడిగాడు. నేను ప్రార్థించి పంపాను. నర్సన్న వాడికి క్లారినెట్టు నేర్పాడు, బాకా నేర్పాడు, ఒక్క చుక్క తాగనివ్వలేదు. ఫిడేలు వాడే ఎక్కడో పట్టుకున్నాడు. శాలువాకు ఒక మూల చిమ్మెట కొట్టింది. నర్సన్న ఏమీ అనుకోడు.

6. దాసు ప్లేటు గురించి.

దాసు ఇరవై మూడో ఏట, 1973లో, బొంబాయిలో ఒక పెద్ద ప్లేటు చేశాడు. పేరు "షక్కర్‌నగర్". అట్ట మీద వాడి ఫోటో ఉంది. చుట్టూ ఫిడేళ్లవాళ్లు, బాకాలవాళ్లు ఒక పెండ్లికి సరిపోయేంతమంది ఉన్నారు. స్వరాలన్నీ వాడే కట్టాడు. క్లారినెట్టు, బాకా, హార్మోనియం, డప్పు వాడే వాయించాడు. దీన్ని జాజ్ అంటారని అట్ట వెనుక ఉందట. ఆ మాట నాకు అప్పటిదాకా తెలియదు.

ప్లేటు పార్శిలులో వచ్చిన సాయంత్రం ప్రార్థన కూటం మా ఇంట్లోనే జరిగింది. అందరూ ఉన్నారని లాజరు సంతోషంగా, అవును, సంతోషంగానే, మా బాపు ఏసయ్య గ్రామఫోను దుమ్ము తుడిచి చావి తిప్పాడు. ఆ పెట్టెకు ఒక్కటే వేగం, పరుగు. దాని ముల్లు ఇనుప ముల్లు. ప్లేటు కీచుమంది. తమ్ముడి పాట వినడానికి కూర్చున్నవాళ్లు మొదట ఒకరి ముఖం ఒకరు చూసుకున్నారు, తర్వాత నవ్వారు. లాజరు ముఖం ఎర్రబడింది. అందులో మా ప్రార్థన పాట కూడా ఉందని దాసు ముందే రాశాడు. "గిదేం పాట? పిల్లులు కొట్లాడినట్టున్నది. దేవుని పాటను సుత గిట్ల ఖరాబు జేసిండు" అని ముల్లు ఎత్తేశాడు. మరునాడు దాసుకు కార్డు రాశాడు. "నీ ప్లేటు విన్నాము. ఇటువంటివి ఇక ఇంటికి పంపవద్దు." చదివి వినిపించి, పోస్టులో వేయమని నాకే ఇచ్చాడు. నేను వేయలేదు. లాజరే తీసుకుపోయి వేశాడు.

దాసు ఆ క్రిస్మస్‌కు రాలేదు. ఆ తర్వాతా రాలేదు.

పోయిన ఏడు హాస్టల్ పండుగకు మైక్ సెట్టు దేవన్న ప్లేట్లు వాయించే తన కరెంటు మిషను తెచ్చాడు. పిల్లలు అన్నానికి వెళ్లినప్పుడు ప్లేటు అతని చేతికిచ్చాను. అటూ ఇటూ తిప్పి చూశాడు. "అక్కా, గిది నెమ్మదిగ తిరిగే ప్లేటు. మీ చావి పెట్టె మీద ఉరికిచ్చిండ్రు. ఉరుక్కుంట ఎవడన్న పాడుతడా?" అన్నాడు. మొదటి వైపు మొదటి పాటను ఇనుప ముల్లు గీరేసింది. అది ఇక పలకదు. రెండో వైపు పెట్టాడు.

చెరుకు సీజనులో ఫ్యాక్టరీ గేటు ముందు బండ్లు బారులు కట్టేవి. ఆ ఇరుసుల మూలుగు ఫిడేళ్లలో వినిపించింది. ఎద్దుల మెడగంటలు వినిపించాయి. ఒక బాకా నోటికి ఏదో అడ్డం పెట్టుకుని, అర్ధనిద్రలో ఉన్న బండివాడిలా గొణిగింది. తర్వాత బాకాలన్నీ కిందినుంచి పైకి ఒక్కటిగా లేచాయి. అది షిఫ్టు సైరన్. అది మోగితే నేను బాపు అన్నం డబ్బా సర్దేదాన్ని. హాస్టల్ వరండాలో నిలబడి నా చేతులు డబ్బా కోసం చూశాయి. అంత మోతా ఆగిపోయాక హార్మోనియం ఒక్కటే మిగిలింది. మేము క్వార్టరులో రోజూ పాడుకునే సాయంత్ర ప్రార్థన పాట అది. క్లారినెట్టు దాని చుట్టూ చిన్నపిల్లవాడిలా తిరిగింది. చివరికి నర్సన్న పెండ్లి దరువు వచ్చింది. నేను కండ్లు తుడుచుకుంటూ నవ్వాను.

దేవుని పాటను వాడు ఖరాబు చేయలేదు. ఈ మాట వీలునామాలో ఉండాలని రాయిస్తున్నాను.

లాజరుకు చెప్పాను. "ఒక్కసారి ఇన్న, చాలక్కా" అన్నాడు. సంఘం ముందు పోయిన పరువు అతనికి ఇంకా మంటగానే ఉంది. మొదటి పాట గీరుకుపోయిందని దాసుకు రాయించాను. జవాబు వచ్చింది. "అన్న మంచిగ కూసొని ఇంటే నేనొస్త. మొదటి పాట ఇంకో ప్లేటు మీద పంపను. నేనే వచ్చి నీకు వాయిస్త." ఇద్దరూ ఏసయ్య కొడుకులే.

ఆ మొదటి పాట పేరు "అక్క" అని ప్లేటు మీద ఉందని దేవన్న చదివి చెప్పాడు. నేను దాన్ని వినలేదు.

7. దేవన్న దగ్గర పాత కరెంటు మిషను ఒకటి కొన్నాను. మిషను, ప్లేటు రెండూ లాజరువి. ప్లేటు పూర్తిగా వింటేనే పొలం దక్కేటట్టు షరతు పెట్టమని లక్ష్మీరాజం సలహా ఇచ్చాడు. పెట్టను. పొలమిచ్చి చెవులు కొనుక్కునేదాన్ని కాదు. మిషను వేగం మీట నెమ్మది వైపు తిప్పి ఉంది. అక్కడినుంచి కదపవద్దని మాత్రం కోరుతున్నాను. ప్రస్తుతం ముల్లు మార్చడానికి మిషను, ప్లేటు దేవన్న దుకాణంలో ఉన్నాయి.

8. బాపు హార్మోనియం గురించి.

రాష్ట్రం మారి ఆంధ్రప్రదేశ్ అయిన ఏడు దాసుకు ఆరేళ్లు, లాజరుకు పద్దెనిమిది. చిన్నవాడికి రెండు చేతులూ మెట్ల మీదే కావాలి. తిత్తి వేయడానికి చెయ్యి మిగలదు. అందుకని లాజరు వెనుక కూర్చుని తిత్తి వేసేవాడు. "గాలి నాది, పాట నీదా?" అని వేళాకోళం చేసేవాడు. "గాలి ఆపన్నా, ఎవరిదో ఎరుకైతది" అనేవాడు చిన్నవాడు. లాజరు ఎప్పుడూ ఆపలేదు.

కనుక ఆ హార్మోనియం తిత్తిని లాజరుకు, మెట్లను దాసుకు ఇస్తున్నాను. రెండింటినీ విడదీయకూడదు, అమ్మకూడదు. ఇలా రాస్తే చెల్లుతుందా అని లక్ష్మీరాజం అడిగాడు. వాళ్లిద్దరూ చెల్లించుకుంటారు. తిత్తికి ఇప్పుడు చిల్లి పడింది. ఒక చెయ్యి తిత్తి వేయాలి, ఇంకో చెయ్యి చిల్లి మూయాలి. ఒంటరిగా ఎవరూ దాన్ని వాయించలేరు. చిల్లి బాగు చేయించవద్దు.

నన్ను మట్టికి తీసుకుపోయే రోజున, పెట్టె మూయకముందు, దాసు మొదటి పాట వాయించాలి, లాజరు తిత్తి వేయాలి. అప్పటికి నేను వింటానో లేదో దేవుని చిత్తం. నేను బతికుండగానే ఇది జరిగితే ఈ కోరిక రద్దు.

9. ప్రార్థనలో మోకాళ్ల కింద వేసుకునే బొంత, మోకాళ్ల నొప్పులు మొదట ఎవరికి వస్తే వాళ్లకు. లాజరుకే అనుకుంటాను.

చదివించి విన్నాను. నా మాటలే. దేవుడు అందరినీ చల్లగా చూడాలి.

నిజామాబాద్, 4 మార్చి 1976.
(సంతకం) జ్ఞానమ్మ
సాక్షులు: గంగుబాయి (వేలిముద్ర), మైక్ సెట్టు దేవన్న
రాసినవాడు: లక్ష్మీరాజం

పై వీలునామాకు చేర్పు

ముల్లు మార్చి, బాగా పలుకుతుందో లేదో చూడడానికి దేవన్న సంతనాడు దుకాణంలో దాసు ప్లేటు రెండో వైపు పెట్టాడు. లాజరు ఉప్పు బస్తా కోసం అటు పోతున్నాడు. సాయంత్ర ప్రార్థన పాట వినిపించి ఆగాడు. "ఎవరిదిది? గా హార్మోనియం ఎవరు వాయిస్తున్నరు?" అని అడిగాడట. "నీ తమ్ముడే" అన్నాడట దేవన్న. కుర్చీ వేస్తే కూర్చోలేదట. ప్లేటు ఆగేదాకా నిలబడి, మళ్లీ మొదటినుంచి పెట్టమన్నాడట. ఉప్పు మరిచి ఇంటికొచ్చాడు. దాసుకు కార్డు తానే రాశాడు. అందులో ఏముందో నేను అడగలేదు.

నిన్న క్రిస్మస్. ఇద్దరూ నా ఇంట్లోనే ఉన్నారు. ఒకరు మెట్ల మీద, ఒకరు తిత్తి మీద, బొటనవేలు చిల్లి మీద. మొదటి పాట విన్నాను. అది ఎలా ఉందో రాయించను, అది నాది.

కాబట్టి ఎనిమిదవ అంశంలో మట్టి రోజు గురించిన కోరిక రద్దు చేస్తున్నాను. తక్కినదంతా రాసింది రాసినట్టే ఉంటుంది. చిల్లి కూడా.

26 డిసెంబర్ 1976.
(సంతకం) జ్ఞానమ్మ
సాక్షులు: గంగుబాయి (వేలిముద్ర), మైక్ సెట్టు దేవన్న