చైను లాగినా ఆగని బండి

అన్నయ్యా,

నిన్న ఈ బెంగాలీ దేశపు రైల్వే ఊళ్లో, మన ఖరిదాలో, నీ కూతురి పెళ్లి జరిగింది. నువ్వు పోయాక మన ఇంట్లో మొదటి శుభకార్యం. ఇక్కడి మనవాళ్ల పెళ్లిళ్లన్నింటిలో నువ్వు పట్టుకున్న మైకు ఈసారి నా చేతికిచ్చారు. రైల్వే వర్క్‌షాపులో ముప్ఫయ్యేళ్లు సుత్తి పట్టినవాణ్ని, మైకునీ సుత్తిలాగే పిడికిలి బిగించి పట్టుకున్నాను.

నీలాగే స్టేషను అనౌన్సుమెంటు మొదలుపెట్టాను. పెళ్లికూతురు మేకప్పు గది నుంచి నలభై నిమిషాలు ఆలస్యంగా బయల్దేరిందని తెలుగులో, హిందీలో, బెంగాలీలో చెప్పాను. అందరూ నవ్వారు. నవ్వి, ఇంకా నా మొహమే చూస్తున్నారు. దేనికోసమో నాకు తెలుసు. కానీ ప్రతి పెళ్లిలో నువ్వు చెప్పే ఆ చైను జోకు తన పెళ్లిలో మాత్రం చెప్పొద్దని మన పిల్ల నీ చేత ఒట్టు వేయించుకుంది కదా! అందుకని భోజనాల సంగతి ఎత్తుకున్నాను.

అప్పటికే అడ్డుతెర వెనక కూర్చున్న నీ కూతురు గట్టిగా అడిగింది.

"అదేటి సిన్నాన్నా, నాన్న జోకు సెప్పవా?"

మైకుతో పెళ్లికొడుకు వైపు తిరిగాను.

"పెళ్లికొడుకు బాబూ, ఎక్కేముందే ఆలోసించుకో. ఈ బండి..."

హాలు హాలంతా అందుకుంది.

"సైను లాగినా ఆగదు!"

టీ పోస్తున్న బెంగాలీ దాదా కూడా తెలుగులోనే అరిచాడు. పంతులుగారు జీలకర్ర బెల్లం పట్టుకుని నవ్వుతూ నిలబడిపోతే, ముహూర్తం దాటిపోతోందని వదిన కేకలు.

నువ్వు మాట తప్పలేదన్నయ్యా. ఆ ఒట్టు తీసి గట్టు మీద పెట్టింది నీ కూతురే.